డయాస్టేజ్: ఒక పదార్థం పేరా, ఒక పని పేరా?

ప్రశ్న: అయ్యా, మాది పాలకొల్లు దగ్గర ఒక పల్లె. మా డ్వాక్రా గ్రూపు వాళ్ళం మొలకెత్తించిన రాగులతో మాల్ట్ పొడి చేసి, పొట్లాలు కట్టి అమ్ముతున్నాము. పొట్లం మీద ‘డయాస్టేజ్ ఎంజైమ్ సమృద్ధిగా ఉంది’ అని వేయిస్తే గిరాకీ పెరుగుతుందని లేబుళ్ళు అచ్చువేసే అబ్బాయి సలహా ఇచ్చాడు. తీరా చూస్తే ఈ మాట మా ఇంట్లోనే కనిపించింది. మామగారికి అరుగుదల కోసం ఇచ్చిన సిరప్ సీసా మీద ‘ఫంగల్ డయాస్టేజ్ 1:1200’ అని ఉంది. మేము కొన్న తేనెతోపాటు ఇచ్చిన పరీక్ష కాగితంలో ‘డయాస్టేజ్ యాక్టివిటీ’ అని ఉంది. మామగారి రక్తపరీక్షలో ‘సీరం అమైలేజ్’ అని ఉంటే, అదీ ఇదీ ఒకటేనని ల్యాబులో అన్నారు. మా అబ్బాయి పుస్తకంలో నోటిలో ఉండే ఎంజైముకు ‘టయలిన్’ అని ఉంది. ఇవన్నీ ఒకటేనా? బీపీ చూసినప్పుడు చెప్పే ‘డయాస్టాలిక్’కూ దీనికీ సంబంధముందా? పొట్లం మీద ఆ మాట వేయవచ్చా?
– ఒక పాఠకురాలు, పశ్చిమ గోదావరి జిల్లా

సమాధానం: అమ్మా, లేబుళ్ళు ఇంకా అచ్చుకు వెళ్ళకపోతే రెండు రోజులు ఆపించండి. సిరప్ సీసా, తేనె కాగితం, రక్తపరీక్ష, మీ అబ్బాయి పుస్తకం – వీటిలో ఏదీ తప్పు చెప్పడం లేదు. అయినా ఆ నాలుగూ ఒకే వస్తువు గురించి మాట్లాడడం లేదు. వరి కోయడం కొడవలితోనూ జరుగుతుంది, కోత మిషనుతోనూ జరుగుతుంది. పని ఒకటే అయినంత మాత్రాన కొడవలీ మిషనూ ఒకటి కావు. డయాస్టేజ్ అనేది అటువంటి పని పేరు. ఉడికిన పిండిలోని స్టార్చ్ గొలుసులను తెంపి చక్కెర వైపు నడిపించే పని అది. ఆ పని చేసేది బూజు నుంచి తీసిన ఎంజైము కావచ్చు, తేనెటీగ కలిపినది కావచ్చు, మన నోటిలో ఊరినది కావచ్చు, మొలకెత్తిన రాగిలో పుట్టినది కావచ్చు. అందుచేత ఈ మాట ఎక్కడ కనబడినా ‘ఎక్కడి డయాస్టేజ్, దానిని ఎలా కొలిచారు, అది ఇంకా పనిచేసే స్థితిలో ఉందా’ అని అడగవలసి ఉంటుంది. మీ పొట్లం సంగతి తేలేది ఈ మూడో ప్రశ్న దగ్గరే.

మాట పుట్టుక మీ పనికి దగ్గరిదే కాబట్టి కొంచెం వివరంగా చెబుతాను. 1833లో ఫ్రాన్సులో ఆన్సెల్మ్ పేయన్, జాన్ ఫ్రాన్స్వా పెర్సో అనే ఇద్దరు రసాయన శాస్త్రజ్ఞులు మొలకెత్తిన బార్లీని, అంటే మాల్టునే, నీటిలో నానబెట్టి వడగట్టి, ఆ ద్రవంలో ఆల్కహాలు పోసినప్పుడు తెల్లని మడ్డి అడుక్కు దిగింది. దానిని ఆరబెట్టి చిటికెడు తీసి ఉడికిన గంజిలో కలిపితే గంజి చిక్కదనం విడిచి నీళ్ళలా జారింది, తియ్యబడింది. ముందుగా మరిగించిన మడ్డిని కలిపితే మాత్రం గంజి గంజిలాగే ఉండిపోయింది. స్టార్చ్ రేణువు చుట్టూ ఒక పొర ఉంటుందనీ, ఈ పదార్థం ఆ పొర నుంచి లోపలి సారాన్ని విడదీస్తుందనీ వారు భావించారు. గ్రీకు భాషలో విడదీయడాన్ని ‘డయాస్టాసిస్’ అంటారు కాబట్టి దానికి డయాస్టేజ్ అని పేరు పెట్టారు. నిజానికి అక్కడ పొర విడిపోవడం లేదు, గ్లూకోజ్ అణువులు గుచ్చిన పొడవాటి గొలుసులు తెగుతున్నాయి. ఊహ తప్పని తర్వాత తేలినా పేరు నిలిచిపోయింది.

ఆనాటికి ‘ఎంజైమ్’ అనే మాట ఇంకా లేదు. దానిని 1870లలో విల్‌హెల్మ్ క్యూనె అనే జర్మన్ శాస్త్రజ్ఞుడు ప్రవేశపెట్టాడు; గ్రీకులో దానికి ‘పులిపిండిలో ఉన్నది’ అని అర్థం. మన శాస్త్ర పుస్తకాలు పులియడాన్ని కిణ్వనం అంటున్నాయి గదా, ఆ ‘కిణ్వం’ కూడా మద్యం కాయడానికి వేసే పులిముద్దకు సంస్కృతంలో ఉన్న పాత పేరే. ఎక్కడి గ్రీకు, ఎక్కడి సంస్కృతం, రెండూ పులిసిన ముద్ద దగ్గరే ఆగాయి. ఇక ఫ్రెంచి వారు తమ దేశంలో దొరికిన డయాస్టేజ్‌ను వదులుకోలేక చాలాకాలం పాటు ఏ ఎంజైమునైనా ఆ పేరుతోనే పిలిచారు. అందుచేత పాత ఫ్రెంచి గ్రంథాల నుంచి అనువాదమైన వైద్య వ్యాసాల్లో ‘డయాస్టేజులు’ అని బహువచనంలో కనబడితే స్టార్చ్ సంగతి కాదనీ, మొత్తం ఎంజైముల సంగతనీ గ్రహించాలి. ఇలా ఈ ఒక్క మాటకు మూడు అర్థాలు ఏర్పడ్డాయి: విస్తృతార్థంలో ఏ ఎంజైమైనా, మధ్యమార్థంలో స్టార్చ్‌ను తెంపే ఏ ఎంజైమైనా, సంకుచితార్థంలో మాల్టులో ఉండే ఎంజైముల మిశ్రమం. మొదటి అర్థం ఇప్పుడు దాదాపు వాడుకలో లేదు. సిరప్పూ తేనె కాగితమూ రెండో అర్థంలో వాడుతున్నాయి. మీ పొట్లానికి సరిపోయేది మూడోది.

పదం చివరి ‘ఏజ్’ గురించి మీ అబ్బాయికి ఒక సంగతి చెప్పండి, పరీక్షలో పనికివస్తుంది. 19వ శతాబ్దం చివరలో ఎమిల్ డ్యుక్లో అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు డయాస్టేజ్ మీద గౌరవంతో ఆ పదం తోకను కత్తిరించి, ఎంజైముల పేర్లన్నిటికీ అదే తగిలించాలని సూచించాడు. లైపేజ్, ప్రోటియేజ్, లాక్టేజ్, మాల్టేజ్ అన్నీ ఆ తోక పట్టుకుని వచ్చినవే. చక్కెరల పేర్లకు ‘ఓజ్’ వస్తుంది: లాక్టోజ్, మాల్టోజ్, గ్లూకోజ్. పాలలోని చక్కెర లాక్టోజ్, దానిని తెంపే ఎంజైము లాక్టేజ్. మాల్టులో పుట్టే చక్కెర మాల్టోజ్, దానిని తెంపేది మాల్టేజ్. తెలుగులో రాసేటప్పుడు ఒక్క గుణింతం మారితే కోయబడేది కోసేదైపోతుంది. ఆరోగ్య శీర్షికల్లో ‘లాక్టోజ్ లోపం వల్ల పాలు పడవు’ అని అచ్చయినప్పుడల్లా నాకు చివుక్కుమంటుంది, లోపించేది లాక్టేజ్. ఈ నియమానికి ముందే పేరు పడినవి మాత్రం తమ పాత పేర్లు నిలుపుకున్నాయి. 1836లో థియోడోర్ ష్వాన్ పేరు పెట్టిన పెప్సిన్, తర్వాతి ట్రిప్సిన్, బొప్పాయి పాలలోని పపైన్, మీ అబ్బాయి పుస్తకంలోని టయలిన్ అటువంటివి. గ్రీకులో ఉమ్మిని ‘టయలాన్’ అంటారు కాబట్టి ఉమ్మిలోని డయాస్టేజ్ టయలిన్ అయింది. నేటి శాస్త్రజ్ఞులు దానిని లాలాజల అమైలేజ్ అనే రాస్తున్నారు. డయాస్టేస్ అని రాయాలా, డయాస్టేజ్ అని రాయాలా అంటే, మనకు లైపేజ్, లాక్టేజ్ అలవాటైపోయాయి కాబట్టి వాటి వరుసలో డయాస్టేజ్ అనడమే మేలని నా అభిప్రాయం.

బీపీలోని డయాస్టాలిక్‌కు దీనితో చుట్టరికం లేదు. గుండె సడలి విప్పారే దశను డయాస్టోలీ అంటారు, అది విప్పారడం అనే అర్థమున్న వేరే గ్రీకు ధాతువు నుంచి వచ్చింది. రెండిటి మొదటా ఉన్న ‘డయా’ మన ‘వి’ వంటి ఉపసర్గ మాత్రమే. వియోగానికీ విజయానికీ మొదటి అక్షరం ఒకటైనట్టే. దగ్గరి చుట్టం మరొకటి ఉంది. కాన్పు తర్వాత పొట్ట కండరాలు మధ్యగీత దగ్గర ఎడమైతే డాక్టర్లు డయాస్టాసిస్ అని రాస్తారు. ఆ చీటీ చూసి ఎవరైనా ఎంజైము తక్కువైందేమోనని సిరప్ కొంటే డబ్బు వృథా.

‘అమైలేజ్’ అనే మాట స్టార్చ్‌కు ఉన్న ‘అమైలాన్’ అనే గ్రీకు పేరు నుంచి వచ్చింది. దాని అసలు అర్థం ‘తిరగలి తగలనిది’. గింజను విసరకుండా నానబెట్టి పిసికి తీసిన పిండి కాబట్టి ఆ పేరు వచ్చింది. డయాస్టేజ్ ఒకే పదార్థం కాదని 20వ శతాబ్దం మొదటి భాగంలో స్పష్టపడింది. మాల్టులో కనీసం రెండు ఎంజైములు ఉన్నాయి. గొలుసును మధ్యలో ఎక్కడ పడితే అక్కడ తెంపేది ఆల్ఫా అమైలేజ్, గొలుసు చివరి నుంచి రెండేసి గ్లూకోజులను మాల్టోజ్ రూపంలో ఒలుచుకుంటూ వచ్చేది బీటా అమైలేజ్. కొబ్బరి మట్టను కత్తితో నాలుగు చోట్ల నరకడం ఆల్ఫా పని, చివరి నుంచి ఒక్కొక్క ఆకు దూసుకుంటూ రావడం బీటా పని. నరికితే మట్ట వెంటనే ముక్కలవుతుంది. అందుకే జావ పలచబడేది ప్రధానంగా ఆల్ఫా వల్ల, తీపి పెరిగేది ఎక్కువగా బీటా వల్ల. అంతర్జాతీయ ఎంజైమ్ సంఘం ఆల్ఫాకు 3.2.1.1 అనీ, బీటాకు 3.2.1.2 అనీ సంఖ్యలిచ్చింది. మన శరీరంలో ఉన్నది ఆల్ఫా మాత్రమే. మొక్కల్లో రెండూ ఉంటాయి.

మొలకకూ ఈ ఎంజైముకూ ఉన్న సంబంధం డెల్టా రైతుకు నష్టం రూపంలో తెలుసు. సార్వా పంట పనల మీద ఉండగా తుపాను పట్టి నాలుగు రోజులు వదలకపోతే కంకి మీదే గింజ మొలకెత్తుతుంది. తడి అందగానే గింజలోని బీజం జిబ్బరెల్లిన్ అనే హార్మోనును విడుదల చేస్తుంది. (వరి నారును అసహజంగా పొడుగు సాగదీసే ఒక శిలీంధ్రంలో ఈ హార్మోను ప్రభావాన్ని 1926లో కురొసావా అనే జపాన్ శాస్త్రజ్ఞుడు గమనించాడు; వరి తెగులు దగ్గర దొరికినది వరి మొలక రహస్యాన్ని విప్పింది.) ఆ హార్మోను చేరగానే గింజ పైపొట్టు కింద ఉండే పలుచని పొర ఆల్ఫా అమైలేజ్‌ను తయారుచేసి లోపలి పిండి మీదికి వదులుతుంది, పిండి కరిగి చక్కెరై మొలకకు ఆహారమవుతుంది. మొక్కకు అది ప్రాణాధారం. మనకు మాత్రం ఆ బియ్యం వండితే ముద్దయి, అదో రకం తీపి తగులుతుంది. మిల్లులో నూక ఎక్కువవుతుంది. తడిసిన పనల మీద 5 శాతం ఉప్పు నీళ్ళు, అంటే లీటరుకు 50 గ్రాముల ఉప్పు కలిపి, చల్లమని వ్యవసాయ శాఖ వారు చెప్పేది ఆ మొలకను ఆపడానికే. మారుటేరు వరి పరిశోధనా కేంద్రం వంగడాల వివరాల్లో ‘నిద్రావస్థ’, అంటే గింజ మొలకెత్తకుండా ఆగే కాలం, ఇన్ని వారాలు అని రాసేదీ ఇందుకే. వరిలో అమైలేజ్ పుట్టకుండా చూసుకోవడానికి ఒక ఊళ్ళో ఇంత పాట్లు పడుతుంటే, అదే ఊళ్ళో మీరు రాగులను తడిగుడ్డలో మూటగట్టి అదే అమైలేజ్‌ను పిలిచి మరీ పుట్టిస్తున్నారు.

ఇక మామగారి సిరప్. ఫంగల్ అంటే శిలీంధ్రం నుంచి, అంటే బూజు నుంచి వచ్చినది. అన్నం మీద ఆస్పర్జిల్లస్ ఒరైజే అనే బూజును పెంచి సోయా సాస్, మద్యం చేయడం జపాన్‌లో పాత విద్య. అదే బూజును గోధుమ తవుడు మీద పెంచి దాని నుంచి డయాస్టేజ్ తీసే పద్ధతికి జోకిచి తకామినే 1894లో అమెరికాలో పేటెంటు పొందాడు. అది ‘తకా డయాస్టేజ్’ అనే పేరుతో అజీర్తి మందుగా ప్రపంచమంతా అమ్ముడుపోయింది. మందుల సీసాల మీద డయాస్టేజ్ అనే పాత పేరు చెక్కుచెదరకుండా ఉండిపోవడానికి ఆ వ్యాపారం ఒక పెద్ద కారణమనుకుంటాను. 1:1200 అంటే, నిర్ణీత పరిస్థితుల్లో ఒక పాలు ఎంజైము 1200 పాళ్ళ స్టార్చ్‌ను జీర్ణించగలదని అర్థం. మీరు వాడే మోతాదులో 50 మిల్లీగ్రాములు ఉందనుకుంటే లెక్క ప్రకారం అది 60 గ్రాముల స్టార్చ్‌కు, అంటే సుమారు 75 గ్రాముల బియ్యంలోని పిండికి సరిపోతుంది. ఇది పరీక్షనాళిక లెక్క. కడుపులోని ఆమ్లంలో అంత జరుగుతుందని హామీ కాదు. పైగా ఆరోగ్యంగా ఉన్న మనిషి క్లోమం అవసరానికి ఎన్నో రెట్లు అమైలేజ్‌ను చేస్తుంది కాబట్టి, అన్నం తిన్న ప్రతివారికీ బయటి డయాస్టేజ్ అవసరమనే ధోరణి నాకు నచ్చదు.

సిరప్ గురించి మరో రెండు సంగతులు. ఇటువంటి సీసాల్లో డయాస్టేజ్‌తోపాటు పెప్సిన్ కూడా తరచుగా ఉంటుంది. అది సాధారణంగా పంది కడుపు నుంచి తీసేది. మామగారు శాకాహారులైతే ఆ సంగతి వారికి ముందే తెలియడం న్యాయం. రెండోది, మామగారికి మధుమేహం ఉండి, ఆకార్బోజ్ గాని వోగ్లిబోజ్ గాని వాడుతున్నట్టయితే, సిరప్ సంగతి డాక్టరుకు తప్పక చెప్పండి. అన్నంలోని పిండి చక్కెరగా మారడాన్ని నెమ్మదింపజేయడానికి ఆ మాత్రలు ఇస్తారు, దానిని వేగిరపరచడానికి డయాస్టేజ్ ఇస్తారు. బండికి ముందొక ఎద్దునూ వెనకొక ఎద్దునూ కట్టినట్టు అవుతుంది.

రక్తపరీక్షలోని సీరం అమైలేజ్ కూడా ఆల్ఫా అమైలేజే, ల్యాబువారు ఆ మేరకు సరిగానే చెప్పారు. అయితే ఆ అంకె అరుగుదల శక్తికి కొలమానం కాదు. క్లోమంలోనూ లాలాజల గ్రంథుల్లోనూ తయారయ్యే ఎంజైము చేరవలసినది పేగుకూ నోటికీ; రక్తంలోకి వచ్చేది కొద్దిగా చిందినది మాత్రమే. క్లోమానికి వాపు వస్తే చిందేది పెరుగుతుంది. భరించలేని కడుపునొప్పితో వచ్చిన రోగికి ఆ అంకె మామూలు గరిష్ఠానికి 3 రెట్లు దాటితే క్లోమం వాపును గట్టిగా అనుమానిస్తారు, తోడుగా లైపేజ్ కూడా చూస్తారు. గవదబిళ్ళలు వచ్చినప్పుడు కూడా అమైలేజ్ పెరుగుతుంది. కాబట్టి ఎక్కువ ఉంటే బాగా అరుగుతున్నట్టు కాదు, కొంచెం తక్కువ ఉంటే సిరప్ తాగి పెంచుకోవలసినదీ కాదు. మామగారి అంకెను ల్యాబు అచ్చువేసిన హద్దులతో మాత్రమే పోల్చి, మిగతాది వారిని చూసిన డాక్టరుకు వదిలేయండి.

తేనె కాగితంలో ఈ మాట వేషం మార్చుకుంటుంది. మకరందంలో స్టార్చ్ ఉండదు కాబట్టి తేనెలో డయాస్టేజ్‌కు చెప్పుకోదగిన పని లేదు. తేనెటీగ తన గ్రంథుల నుంచి కలిపినది అలా ఉండిపోతుంది. వేడి తగిలితే చచ్చిపోవడమూ, ఏళ్ళ తరబడి నిలవుంటే క్షీణించడమూ దాని స్వభావం కాబట్టి, అది ఎంత మిగిలి ఉందో చూస్తే ఆ తేనెను ఎంత కాచారో, ఎంత పాతదో ఊహించవచ్చు. ఇక్కడ అది మందూ కాదు, పోషకమూ కాదు, సాక్షి. దానిని షేడ్ యూనిట్లలో చెబుతారు. 40 డిగ్రీల వేడిలో ఒక గంటలో 0.01 గ్రాము స్టార్చ్‌ను నిర్ణీత స్థాయికి విచ్ఛిన్నం చేసే ఎంజైము ఒక యూనిట్. గ్రాము తేనెలో అటువంటివి ఎన్ని ఉన్నాయన్నదే ఆ అంకె. కోడెక్స్ అనే అంతర్జాతీయ ఆహార ప్రమాణం ప్రకారం సాధారణంగా 8కి తగ్గకూడదు, స్వభావరీత్యా ఎంజైము తక్కువగా ఉండే తేనెలకు 3 వరకు అనుమతి ఉంది. మారేడుమిల్లి వైపు నుంచి వచ్చినదైనా, పెట్టెల్లో పెంచినదైనా లెక్క అదే. సాక్షిని కొనే ప్రయత్నాలూ లేకపోలేదు: కల్తీ తేనెలో బయటి అమైలేజ్ కలిపి అంకె పెంచేవారున్నారు, దానిని పట్టుకునే పరీక్షలూ వచ్చాయి.

సిరప్ మీద 1:1200, తేనెలో షేడ్ యూనిట్లు, రక్తంలో లీటరుకు ఇన్ని యూనిట్లు, చెరువుల్లో వేసే మేత బస్తాల మీద మరో రకం యూనిట్లు – వీటిని ఒకదానితో ఒకటి పోల్చకూడదు. ఎంజైమును తూకం వేసి కొలవరు, అది చేసిన పనిని కొలుస్తారు. పని పెట్టే పద్ధతి మారితే కూలి లెక్క మారినట్టు అంకె మారుతుంది. ఈ విద్యలో మన ప్రాంతం వాటా కూడా ఉంది. భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు, హార్వర్డ్‌లో సైరస్ ఫిస్క్‌తో కలిసి భాస్వరాన్ని రంగు సాయంతో కొలిచే పద్ధతిని 1925లో ప్రచురించారు. ఫాస్ఫటేజ్ అనే ఎంజైము ఎంత పనిచేసిందో తెలియాలంటే అది విడిపించిన ఫాస్ఫేటును కొలవాలి, అందుకు ప్రపంచమంతటా ఆ పద్ధతిని వాడారు.

ఇప్పుడు మీ పొట్లం. మీరు రాగులను నానబెట్టి, మూటగట్టి, మొలక రాగానే ఎండబెట్టినంతవరకు వాటిలో అమైలేజ్ ఉంటుంది, పనిచేసే స్థితిలోనే ఉంటుంది. తర్వాత కమ్మని వాసన కోసం మూకుడులో దోరగా వేయిస్తారు గదా, పొడిగింజ కొంత వేడిని తట్టుకున్నా, వేపుడు ముదిరిన కొద్దీ ఎంజైము నశిస్తుంది. మిగిలినది కొనుక్కున్నవారు మరిగే నీళ్ళలో పొడి వేయగానే చస్తుంది. వేయించిన పొడికి ‘డయాస్టేజ్ సమృద్ధి’ అని వేయడమంటే ఆరిపోయిన దీపాన్ని వెలుతురు పేరు చెప్పి అమ్మడం. ఆహార పదార్థాల ప్రకటనల మీద, లేబుల్ దావాల మీద 2018 నుంచి మన దేశపు ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ నిబంధనలున్నాయి; దావా నిజమై ఉండాలి, కొనేవారిని తప్పుదారి పట్టించకూడదు. పొట్లం పొట్లానికీ అంకె చూపగల పరీక్ష లేకుండా ఆ మాట వేయకండి. అసలు ఆ మాట చూసి కొనేవారు దానిని అజీర్తి మందు అనుకునే ప్రమాదం కూడా ఉంది.

మీ పొడిలో ఎంత ప్రాణం ఉందో ఇంట్లోనే చూడవచ్చు. అయోడిన్ చుక్క వేసి నీలం రంగు పోతుందా అని చూసే బడి పరీక్ష ఇక్కడ పనికిరాదు, ఎందుకంటే రాగిపిండిలోనే బోలెడు స్టార్చ్ ఉంది, నీలం పోదు. అందుకు బదులు బియ్యప్పిండితో గరిటె నిలబడేంత చిక్కగా జావ కాచి దించి, వేలు పెట్టలేనంత వేడిగా ఉన్నా పొగలు తగ్గాక, అంటే 65, 70 డిగ్రీల దగ్గర, రెండు గిన్నెల్లో సమానంగా పోయండి. ఒకదానిలో వేయించని మొలక రాగిపిండి ఒక చెంచా, రెండోదానిలో మీరు అమ్ముతున్న పొడి ఒక చెంచా వేసి కలిపి పది నిమిషాలు మూతపెట్టండి. మొదటి గిన్నెలో జావ గరిటె నుంచి ధారగా జారుతుంది. రెండోది కూడా అలాగే జారితే మీ వేపుడు లేతగా ఉందని అర్థం, జారకపోతే ముదిరిందని అర్థం. పేయన్, పెర్సో ఇద్దరూ చూసినది ఈ జారుడునే.

ఈ జారుడుకు నిజమైన ఉపయోగమొకటి ఉంది. పసిపిల్లల జావ చిక్కగా కాస్తే మింగలేరు, పలచగా కాస్తే కడుపు నిండుతుంది గాని బలం చాలదు. చిక్కని జావలో కొద్దిగా మొలకపిండి కలిపి పలచబరిస్తే, అదే గిన్నెలో ఎక్కువ పిండిని బిడ్డకు పెట్టవచ్చునని 1980లలో మన దేశపు పోషకాహార పరిశోధకులు, ముఖ్యంగా బరోడాలో, చూపించారు. దానిని ‘అమైలేజ్ సమృద్ధ ఆహారం’ అనే పేరుతోనే పిలిచారు. మీరు కోరుకుంటే వేయించని పొడిని విడిగా చిన్న పొట్లాల్లో ఇవ్వవచ్చు. అప్పుడు మాత్రం వాడే విధానం స్పష్టంగా అచ్చువేయాలి: జావ దించి కొంచెం వేడి తగ్గాక కలపాలి, పలచబడ్డాక మళ్ళీ ఒక పొంగు రానివ్వాలి. మొలకెత్తించే తడిలో సూక్ష్మజీవులు కూడా పెరుగుతాయి కాబట్టి ఆ రెండో పొంగును వదిలేయకూడదు. అప్పటికి ఎంజైము పని ముగిసిపోయి ఉంటుంది, అది చచ్చినా నష్టం లేదు.

మాల్ట్ తాగితే షుగరు పెరగదని అమ్మకం దగ్గర ఎవరైనా చెబుతుంటే అదీ మానిపించండి. మొలకలో స్టార్చ్ కొంత ముందే మాల్టోజ్‌గా మారిపోయింది, పలచని జావ త్వరగా దిగుతుంది; మధుమేహం ఉన్నవారికి అది రాగి సంకటికన్నా వేగంగా చక్కెరను పెంచవచ్చు.

లేబుల్ మీద వేయించవలసిన మాట నా లెక్కలో ఇది: ‘మొలకెత్తించి, ఎండబెట్టి, దోరగా వేయించిన రాగుల పొడి’. దానికింద తయారుచేసిన తేదీ, బరువు, మీ గ్రూపు పేరు, ఎఫ్ఎస్ఎస్ఏఐ నమోదు సంఖ్య ఉండాలి. వేయించని చిన్న పొట్లం మీద ‘జావ పలచబరచే మొలక రాగిపిండి’ అంటే కొనేవారికి పని అర్థమవుతుంది. అచ్చువేసే అబ్బాయి డయాస్టేజ్ కావాలనే పట్టుబడితే, ముందుగా ఆ రెండు గిన్నెల పరీక్షను అతని ఎదుటే చేసి చూపించండి.